సిద్దిపేట శాసనసభ నియోజకవర్గం: రాజీనామాల మీద నడిచిన ఎన్నికల చరిత్ర

శాసనసభ నియోజకవర్గాల ఎన్నికల చరిత్రను మొదటి నుంచి నేటి వరకు వరుసగా కూర్చి, దానిలో ఏం జరిగిందో వివరించే పనిని నేను చాలాకాలంగా చేస్తున్నాను. ఒక్కో నియోజకవర్గానికి ఒక్కో తీరు ఉంటుంది. కొన్నింటిని కుటుంబాల పోటీగా చదివితే అర్థమవుతాయి, కొన్నింటికి కులాల లెక్క కావాలి, మరికొన్ని చోట్ల సాగునీరు వచ్చిన సంవత్సరమే రాజకీయం మలుపు తిరిగిన సంవత్సరం. సిద్దిపేట చరిత్రను ఈ తాళపుచెవులతో తెరవడానికి నేను చేసిన ప్రయత్నాలు సగం వరకే ఫలించాయి. అక్కడ అసలు విషయం ఉప ఎన్నికల్లో ఉంది. 1970 నుంచి ఇప్పటివరకు ఆ స్థానానికి అయిదు ఉప ఎన్నికలు జరిగాయి, వాటిలో ఒక్కటి కూడా సభ్యుడి మరణం వల్ల వచ్చింది కాదు. ప్రతిసారీ ఆ స్థానాన్ని ఎవరో ఒకరు బతికుండగానే వదులుకున్నారు. ఎందుకు వదులుకున్నారన్న ప్రశ్నకు ఓటరు చెప్పుకున్న సమాధానమే తరువాతి మెజారిటీని నిర్ణయించిందన్నది ఈ అధ్యయనంలో నేను తేల్చుకున్న విషయం.

పట్టికలో రాలిపోయే వరుసలు

నియోజకవర్గ చరిత్ర రాసేవారు సాధారణంగా ఎన్నికల సంఘం ప్రచురించే సార్వత్రిక ఎన్నికల గణాంక నివేదికలను ముందు పెట్టుకుని, ఒక్కో ఏడాదికి ఒక్కో వరుస నింపుకుంటూ వస్తారు. ఉప ఎన్నికల ఫలితాలు ఆ నివేదికల్లో ఉండవు, వాటిని విడిగా వెతికి తెచ్చుకోవాలి. చాలా నియోజకవర్గాలకు దీనివల్ల పెద్ద నష్టం జరగదు, ఎందుకంటే అరవై డెబ్బై ఏళ్లలో ఒకటో రెండో ఉప ఎన్నికలు వచ్చి ఉంటాయి. నేను సిద్దిపేటకు తొలిసారి కూర్చిన పట్టిక కూడా ఇలాగే సార్వత్రిక ఎన్నికలతో మొదలైంది. అందులో 1985 నుంచి 2023 వరకు తొమ్మిది వరుసలు వచ్చాయి, అన్నీ మామూలుగానే కనిపించాయి. ఉప ఎన్నికలను చేర్చాక అవి పదమూడయ్యాయి. ఆ నాలుగు వరుసలు చేరిన తరువాతే మిగతా తొమ్మిదింటి అర్థం తెలిసింది. 2004 వేసవి నుంచి 2010 జులై వరకు, అంటే ఆరేళ్లకు కాస్త పైబడిన కాలంలో, సిద్దిపేట ఓటరు ఎమ్మెల్యేను ఎన్నుకోవడానికి అయిదుసార్లు పోలింగ్ కేంద్రానికి వెళ్లాడు. తొలి పట్టిక చూసినవారికి ఆ కాలంలో రెండు ఎన్నికలే జరిగినట్టు అనిపిస్తుంది.

పట్టికలో ఇంకో జాగ్రత్త కూడా అవసరం. తెలంగాణ నియోజకవర్గాలకు 1957 వరుస ఉంటుంది, ఆంధ్ర, రాయలసీమ నియోజకవర్గాలకు 1955 వరుస ఉంటుంది. ఆంధ్ర రాష్ట్రానికి 1955లో ఎన్నికైన సభ్యులు 1956లో ఆంధ్రప్రదేశ్ ఏర్పడిన తరువాత కూడా 1962 వరకు కొనసాగగా, అప్పటివరకు హైదరాబాద్ రాష్ట్రంలో ఉన్న తెలంగాణ ప్రాంతానికి మాత్రమే 1957లో ఎన్నికలు జరిగాయి. రెండు ప్రాంతాలూ కలిసి ఓటు వేసిన తొలి శాసనసభ ఎన్నికలు 1962వి. ఈ తేడా తెలియక రెండు ప్రాంతాల నియోజకవర్గాలను పక్కపక్కన పెట్టి పోల్చినవారు మొదటి మూడు వరుసల్లోనే తప్పు చేస్తారు. సిద్దిపేట విషయంలో 1952, 1957, 1962 వరుసలను నేను నేపథ్యంగానే ఉంచాను, కథ మొదలయ్యేది 1967 తరువాతనే.

1970: ఉద్యమానికి దొరికిన తొలి పెట్టె

1967లో సిద్దిపేట నుంచి కాంగ్రెస్ అభ్యర్థిగా గెలిచినవారు వి.బి.రాజు. కాసు బ్రహ్మానందరెడ్డి మంత్రివర్గంలో ఆయన ముఖ్యుడు. 1969లో ప్రత్యేక తెలంగాణ ఉద్యమం వీధుల్లోకి వచ్చింది, కాల్పులు జరిగాయి, విద్యార్థులు చదువులు వదిలేశారు. అయితే ఆ ఉద్యమానికి ఎంత మద్దతు ఉందో ఓట్లలో లెక్కించే అవకాశం అప్పటికి రాలేదు, ఎందుకంటే తరువాతి సార్వత్రిక ఎన్నికలు ఇంకా దూరంగా ఉన్నాయి. 1970లో వి.బి.రాజు రాజ్యసభకు వెళ్లడంతో సిద్దిపేట ఖాళీ అయింది. ఆ ఉప ఎన్నికలో తెలంగాణ ప్రజా సమితి నాయకుడు, న్యాయవాది అనంతుల మదన్ మోహన్ గెలిచారు. 1971 లోక్‌సభ ఎన్నికల్లో ప్రజా సమితి తెలంగాణలోని 14 స్థానాల్లో 10 గెలిచి దేశాన్ని ఆశ్చర్యపరిచింది. ఆ ఫలితానికి ఏడాది ముందే దాని సూచన సిద్దిపేట ఓటు పెట్టెలో కనబడింది.

ఈ వరుసను నేను ఎక్కువసేపు చూశాను. ఖాళీ వచ్చింది ఉద్యమం కోసం కాదు, ఒక కాంగ్రెస్ నాయకుడు పెద్ద సభకు వెళ్లడం వల్ల వచ్చింది. దాన్ని ఉద్యమ తీర్పుగా మార్చింది ఓటర్లే. ముప్పై ఒక్క సంవత్సరాల తరువాత ఇదే ఊరిలో మరో నాయకుడు ఉద్యమ తీర్పు కోసమే స్థానాన్ని ఖాళీ చేశాడు. ఆయనకు ఆ ఆలోచన ఎక్కడి నుంచి వచ్చిందో నేను చెప్పలేను గానీ, 1970లో ఆ ఊరి చుట్టుపక్కల పెరుగుతున్న పదహారేళ్ల కుర్రాడిగా ఆయన ఆ ఫలితాన్ని చూసి ఉంటాడన్నది మాత్రం కాలక్రమమే చెబుతోంది. చింతమడకలో 1954లో పుట్టిన ఆ నాయకుడు కల్వకుంట్ల చంద్రశేఖర్ రావు (కేసీఆర్) తొలి రాజకీయ పాఠాలు నేర్చుకున్నది యువజన కాంగ్రెస్‌లో, మదన్ మోహన్ నీడలో.

1971 సెప్టెంబరులో ప్రజా సమితి కాంగ్రెస్‌లో విలీనమైంది. మదన్ మోహన్ 1972లో కాంగ్రెస్ అభ్యర్థిగా, 1978లో కాంగ్రెస్ (ఐ) అభ్యర్థిగా, 1983లో మళ్లీ కాంగ్రెస్ అభ్యర్థిగా గెలిచారు. పట్టికలో పార్టీ గడి నాలుగుసార్లలో మూడు పేర్లు చూపిస్తుంది, మనిషి మాత్రం ఒక్కరే. పార్టీ వారీగా రంగులు వేసి చూపించే పటాలు ఇలాంటి చోట పాఠకుణ్ణి పక్కదారి పట్టిస్తాయి. అందుకే సిద్దిపేటకు నేను పార్టీల గడి కన్నా వ్యక్తుల గడిని ముందు పెట్టాను. అలా పెట్టగానే తేలిన విషయం ఇది: 1970 నుంచి నేటి వరకు పదిహేడు ఎన్నికల్లో ఈ స్థానంలో గెలిచినవారు ముగ్గురే. మదన్ మోహన్ నాలుగుసార్లు, కేసీఆర్ ఆరుసార్లు, తన్నీరు హరీశ్ రావు ఏడుసార్లు.

గాలికి లొంగని చోటు

1983లో ఎన్టీ రామారావు ప్రభంజనం రాష్ట్రాన్ని ఊపేసినప్పుడు తెలుగుదేశం టికెట్ దొరికిన కొత్తవారు ఎందరో గెలిచి వచ్చారు. సిద్దిపేటలో ఆ టికెట్ మీద నిలబడిన కేసీఆర్ తన రాజకీయ గురువు చేతిలో 877 ఓట్ల తేడాతో ఓడిపోయారు. 1985లో ఆయన 16 వేలకు పైగా మెజారిటీతో గెలిచారు. 1989లో రాష్ట్రంలో తెలుగుదేశం ఓడిపోయి కాంగ్రెస్ అధికారంలోకి వచ్చింది, సిద్దిపేటలో మాత్రం తెలుగుదేశమే గెలిచింది, మెజారిటీ 13 వేలకు పైన నిలబడింది. 2023లో కేసీఆర్ పార్టీ బీఆర్ఎస్ (2022 వరకు టీఆర్ఎస్) రాష్ట్రంలో 39 స్థానాలకు పడిపోయి అధికారం కోల్పోయినప్పుడు సిద్దిపేట ఆ పార్టీకి 82,308 ఓట్ల మెజారిటీ ఇచ్చింది. ఆ ఎన్నికల్లో రాష్ట్రం మొత్తంలో అంతకన్నా పెద్ద మెజారిటీ కుత్బుల్లాపూర్‌లో వచ్చిన 85,576 ఒక్కటే.

మూడు సందర్భాల్లోనూ రాష్ట్రం ఒకవైపు వెళితే సిద్దిపేట రెండోవైపు నిలిచింది. అయితే దీన్ని ఎదురీత స్వభావంగా వర్ణించడం తొందరపాటు. 1983లో నిలబడింది అప్పటికే పదమూడేళ్లుగా ఎమ్మెల్యేగా ఉన్న మదన్ మోహన్ వ్యక్తిగత పట్టు. 1989లో నిలబడింది నాలుగేళ్లలో కేసీఆర్ సొంతంగా కట్టుకున్న పట్టు. గ్రామానికి గ్రామం, మనిషికి మనిషి తెలిసేలా పనిచేసే ఎమ్మెల్యేను ఈ నియోజకవర్గం ఒకసారి నమ్మితే రాష్ట్ర గాలిని పెద్దగా పట్టించుకోదని ఈ మూడు వరుసలు చెబుతున్నాయి. ఎమ్మెల్యేగా కేసీఆర్ దిగువ మానేరు నీటిని సిద్దిపేట ప్రాంతపు పల్లెలకు తాగునీటిగా తెప్పించిన పథకాన్ని అక్కడివారు ఇప్పటికీ గుర్తు చేసుకుంటారు. రాష్ట్రం వచ్చాక 2016లో మొదలుపెట్టిన మిషన్ భగీరథకు ఆ పథకమే నమూనా అని ఆయన స్వయంగా అనేకసార్లు చెప్పారు. బిందెలతో మైళ్లు నడిచిన ఇళ్లకు నల్లా రావడం ఎంత పెద్ద సంగతో తెలియనివారికి ఈ మెజారిటీలు వింతగానే కనిపిస్తాయి.

1994లో 27,107, 1999లో 27,555. ఈ రెండు మెజారిటీల మధ్య తేడా అయిదు వందల లోపే. తెలుగుదేశం అభ్యర్థిగా కేసీఆర్ చేరగల ఎత్తు అంతేనని అప్పట్లో ఎవరైనా అనుకుని ఉంటే అందులో తప్పేమీ లేదు.

నాలుగు రాజీనామాలు, రెండు రకాల తీర్పులు

2001 ఏప్రిల్ 27న కేసీఆర్ శాసనసభ ఉపసభాపతి పదవికి, శాసనసభ్యత్వానికి, తెలుగుదేశం పార్టీకి రాజీనామా చేసి తెలంగాణ రాష్ట్ర సమితిని (టీఆర్ఎస్) ప్రకటించారు. పార్టీ మారిన సభ్యుడు స్థానాన్ని పట్టుకుని కూర్చోవడం మామూలైపోయిన కాలంలో, పార్టీ పెట్టిన రోజే స్థానాన్ని ఓటరుకు తిరిగి అప్పగించిన చర్య అది. అదే ఏడాది జరిగిన ఉప ఎన్నికలో ఆయనకు 82,632 ఓట్లు వచ్చాయి, రెండో స్థానంలో నిలిచిన అభ్యర్థికి 23,920. మెజారిటీ 58,712. రెండేళ్ల కిందట 1999లో ఆయనకు వచ్చినవి 69,169 ఓట్లు. పార్టీ గుర్తు మారింది, అధికార పార్టీ అండ పోయింది, ప్రభుత్వం ఎదురుగా నిలిచింది, అయినా ఓట్లు 13 వేలకు పైగా పెరిగాయి, మెజారిటీ రెట్టింపు దాటింది.

2004లో కాంగ్రెస్‌తో పొత్తులో టీఆర్ఎస్ పోటీ చేసింది. కేసీఆర్ సిద్దిపేట శాసనసభ స్థానానికి, కరీంనగర్ లోక్‌సభ స్థానానికి నిలబడి రెండు చోట్లా గెలిచారు. సిద్దిపేటలో ఓట్లు 74,287, మెజారిటీ 44,668. రెండు సభల్లో ఒకేసారి సభ్యుడిగా ఉండటానికి రాజ్యాంగం ఒప్పుకోదు, ఫలితం ప్రకటించాక నిర్దేశించిన పద్నాలుగు రోజుల్లో శాసనసభ స్థానాన్ని వదలకపోతే పార్లమెంటు స్థానం పోతుంది. ఆయన సిద్దిపేటను వదిలారు. ఆయన మేనల్లుడు హరీశ్ రావు అప్పటికే వై.ఎస్.రాజశేఖరరెడ్డి మంత్రివర్గంలో మంత్రిగా ప్రమాణం చేసి ఉన్నారు, ఆరు నెలల్లోగా సభకు ఎన్నిక కావలసిన అవసరం ఆయనకు ఉంది. ఉప ఎన్నికలో హరీశ్ రావు 64,374 ఓట్లతో గెలిచారు, మెజారిటీ 24,827.

ఈ రెండు వరుసల మధ్య తేడాను అంకెలుగా చూడాలి. అదే ఏడాది కొన్ని నెలల వ్యవధిలో టీఆర్ఎస్ అభ్యర్థికి వచ్చిన ఓట్లు 9,913 తగ్గాయి, రెండో స్థానంలో నిలిచిన అభ్యర్థి ఓట్లు 29,619 నుంచి 39,547కు, అంటే 9,928 పెరిగాయి. ఒకవైపు తగ్గినన్ని రెండోవైపు పెరిగాయి. ఆ పదివేల మందీ అవే మనుషులని చెప్పడానికి వీల్లేదు, ఓటు రహస్యమైనది, ఇళ్లు కదిలేవారు, పోలింగుకు రానివారు ఎప్పుడూ ఉంటారు. అయినా తీర్పు దిశలో సందేహం లేదు. రాష్ట్రంలో అధికారంలో ఉన్న కూటమి అభ్యర్థి, మంత్రి, ముఖ్యనేతకు మేనల్లుడు అయినా మెజారిటీ దాదాపు సగమైంది. ఇది తెలంగాణ కోసం చేసిన రాజీనామా కాదు, చట్టం అడిగిన లెక్క. ఓటరు దాన్ని అలాగే చూశాడని నేను భావిస్తున్నాను. సిద్దిపేట ఎన్నికల చరిత్రలో నాకు అన్నిటికన్నా విలువైన వరుస ఇదే, ఎందుకంటే ఉద్యమం లేని ఉప ఎన్నికలో ఈ నియోజకవర్గం ఎలా ప్రవర్తిస్తుందో చూపించే వరుస ఇదొక్కటే.

2008 మార్చిలో టీఆర్ఎస్ శాసనసభ్యులు 16 మంది, లోక్‌సభ సభ్యులు నలుగురు తెలంగాణ కోసం రాజీనామా చేశారు. ఆ ఏడాది మే 29న పోలింగ్ జరిగింది. ఫలితం ఆ పార్టీకి పెద్ద దెబ్బ: 16 శాసనసభ స్థానాల్లో ఏడు, నాలుగు లోక్‌సభ స్థానాల్లో రెండు మాత్రమే నిలిచాయి. 2006లో ఇలాగే రాజీనామా చేసి కరీంనగర్‌లో రెండు లక్షలకు పైగా మెజారిటీతో గెలిచిన కేసీఆర్ ఈసారి అక్కడే సుమారు పదిహేను వేలతో బయటపడ్డారు. అదే రోజున సిద్దిపేటలో హరీశ్ రావు మెజారిటీ 58,935కు ఎగసింది. నాలుగేళ్ల కిందట మేనమామ స్థానంలో వచ్చిన కొత్త అభ్యర్థిగా 24 వేలతో గెలిచిన వ్యక్తి, తన సొంత రాజీనామాతో వెళ్లినప్పుడు దానికి రెండింతలకు పైగా తెచ్చుకున్నారు.

ఈ 2008 వరుసే నా తొలి నిర్ధారణను సరిదిద్దుకునేలా చేసింది. ఉద్యమం కోసం చేసిన రాజీనామా అంటే చాలు, ఓటరు దీవిస్తాడని నేను మొదట రాసుకున్నాను. అదే నిజమైతే అదే కారణంతో, అదే రోజున, అదే గుర్తు మీద నిలబడిన తొమ్మిది మంది ఓడిపోకూడదు. రాజీనామా కారణం నమ్మదగినదిగా కనిపించాలి, దానితో పాటు రాజీనామా చేసిన మనిషి ఆ నాలుగేళ్లలో ఊళ్లలో కనిపించి ఉండాలి. 2005లో టీఆర్ఎస్ ప్రభుత్వం నుంచి తప్పుకోవడంతో మంత్రి పదవి వదిలిన హరీశ్ రావు తరువాతి మూడేళ్లు నియోజకవర్గంలో తిరిగిన తీరును, పెళ్లిళ్లకూ చావులకూ వెళ్లిన తీరును అక్కడివారు ఎవరిని అడిగినా చెబుతారు.

2009లో ఎన్నికలు కొత్త సరిహద్దుల మీద జరిగాయి. నియోజకవర్గాల పునర్విభజన ఉత్తర్వులు 2008 ఫిబ్రవరిలోనే అమల్లోకి వచ్చినా, ఉన్న సభ కాలపరిమితిలో వచ్చే ఉప ఎన్నికలు పాత సరిహద్దుల మీదనే జరుగుతాయి. కాబట్టి 2008 సిద్దిపేట, 2009 సిద్దిపేట పేరుకు ఒకటే అయినా భూమి మీద వేరు. కొత్త సిద్దిపేటలో సిద్దిపేట, చిన్నకోడూరు, నంగునూరు మండలాలు చేరాయి. పొరుగున ఉన్న దొమ్మాట దుబ్బాకగా మారింది. ఎస్సీ రిజర్వుడు స్థానంగా ఉన్న సిద్దిపేట లోక్‌సభ నియోజకవర్గం రద్దయి, ఈ శాసనసభ స్థానం మెదక్ లోక్‌సభ పరిధిలోకి వెళ్లింది. అందుకే 2008 మెజారిటీ 58,935 నుంచి 2009 మెజారిటీ 64,677కు పెరుగుదల అని రాయడం సరికాదు. నా పట్టికలో ఈ రెండు వరుసల మధ్య ఒక గట్టి గీత గీశాను, దాన్ని దాటి ఏ కూడికా తీసివేతా చేయలేదు.

2009లో తెలుగుదేశం, వామపక్షాలతో కలిసి మహాకూటమిగా పోటీ చేసిన టీఆర్ఎస్ పది శాసనసభ స్థానాలకు పరిమితమైంది. ఆ ఏడాది నవంబరు 29న కేసీఆర్ సిద్దిపేటలో ఆమరణ దీక్షకు బయలుదేరి, కరీంనగర్ దగ్గర అల్గునూరులో అరెస్టయ్యారు, అక్కడి నుంచి ఆయనను ఖమ్మం తరలించారు. దీక్షకు ఎంచుకున్న చోటు సిద్దిపేట కావడం నాకు యాదృచ్ఛికంగా అనిపించదు. డిసెంబరు 9న కేంద్రం తెలంగాణ ప్రక్రియ మొదలవుతుందని ప్రకటించి, తరువాత వెనక్కి తగ్గింది. దానికి నిరసనగా పన్నెండు మంది ఎమ్మెల్యేలు ఇచ్చిన రాజీనామాలు 2010 ఫిబ్రవరిలో ఆమోదం పొందాయి. సభ్యుడు రాజీనామా పత్రం ఇచ్చినంత మాత్రాన స్థానం ఖాళీ కాదు, అది స్వచ్ఛందంగా, నిజంగా ఇచ్చినదని సభాపతి సంతృప్తి చెంది ఆమోదించాలి. ఆ నెలల్లో రాజీనామా ప్రకటించినవారు ఎందరో, నిజంగా స్థానం కోల్పోయి ఓటరు ముందుకు వెళ్లినవారు పన్నెండు మందే. ఈ తేడా ఓటరు కళ్లకు బాగా కనిపించింది.

2010 జులై 27న జరిగిన ఆ పన్నెండు ఉప ఎన్నికల్లో టీఆర్ఎస్ 11, నిజామాబాద్ అర్బన్‌లో బీజేపీ ఒకటి గెలిచాయి. కొన్ని నియోజకవర్గాల్లో పోటీలో నిలిచినవారు 64 మందిని మించడంతో ఓటింగ్ యంత్రాలు పక్కన పెట్టి కాగితపు బ్యాలెట్లు వాడారు. సిద్దిపేటలో హరీశ్ రావుకు 1,08,779 ఓట్లు, రెండో స్థానంలో ఉన్నవారికి 12,921 ఓట్లు, మెజారిటీ 95,858. ధరావతు దక్కాలంటే చెల్లిన ఓట్లలో ఆరో వంతుకు మించి రావాలి, రెండో స్థానంలో నిలిచిన అభ్యర్థి కూడా ఆ గీతను అందుకోలేదు. ఏడాది కిందటి 85,843తో పోలిస్తే, సరిహద్దులు మారని ఈ రెండు వరుసల మధ్య విజేత ఓట్లు దాదాపు 23 వేలు పెరిగాయి.

2010లో వచ్చిన 1,08,779 ఓట్లను 2014 పక్కన పెట్టి చూడాలి. రాష్ట్ర ఏర్పాటు ఖాయమయ్యాక జరిగిన 2014 ఎన్నికల్లో హరీశ్ రావుకు వచ్చిన ఓట్లు 1,08,699. తేడా ఎనభై ఓట్లు. మామూలుగా ఉప ఎన్నికలో ఊరు సగం ఉత్సాహంతో కదులుతుంది, సార్వత్రిక ఎన్నికల్లో పూర్తిగా కదులుతుంది. సిద్దిపేటలో 2010 నాటికే ఊరంతా కదిలిందని, నాలుగేళ్ల తరువాత తెలంగాణ తొలి ఎన్నికల ఉత్సాహానికి కొత్తగా చేర్చడానికి ఏమీ మిగల్లేదని ఈ రెండు అంకెలు పక్కపక్కన నిలబడి చెబుతున్నాయి. ఇంత స్పష్టమైన జంట నాకు ఇంకే నియోజకవర్గంలోనూ దొరకలేదు.

పొరుగు చోట్ల పరీక్ష

ఒక నియోజకవర్గం నుంచి తీసిన మాట అక్కడికే పరిమితమా, బయట కూడా నిలుస్తుందా అన్నది చూడాలి కాబట్టి మూడు ఉప ఎన్నికలను పరిశీలించాను. 2020లో పక్కనే ఉన్న దుబ్బాకలో ఎమ్మెల్యే సోలిపేట రామలింగారెడ్డి మరణంతో ఉప ఎన్నిక వచ్చింది. టీఆర్ఎస్ బాధ్యతను మోసింది హరీశ్ రావే, అధికారంలో ఉన్నది ఆ పార్టీయే, అయినా బీజేపీ అభ్యర్థి రఘునందన్ రావు వెయ్యికి కాస్త పైబడిన మెజారిటీతో గెలిచారు. 2021లో హుజూరాబాద్‌లో మంత్రివర్గం నుంచి తొలగించబడిన ఈటల రాజేందర్ టీఆర్ఎస్‌కు, శాసనసభ్యత్వానికి రాజీనామా చేసి బీజేపీ తరఫున 23,855 మెజారిటీతో గెలిచారు. అక్కడ రాజీనామా చేసిన మనిషికి అన్యాయం జరిగిందని ఓటరు నమ్మాడు. 2022లో మునుగోడులో కాంగ్రెస్‌ను వదిలి రాజీనామా చేసిన కోమటిరెడ్డి రాజగోపాల్ రెడ్డి బీజేపీ అభ్యర్థిగా 10,309 ఓట్ల తేడాతో ఓడిపోయారు. మూడింటిలోనూ డబ్బు, అధికారం, ఇతర పార్టీల స్థితి వంటి సంగతులు పనిచేశాయి, వాటిని పక్కన పెట్టలేను. అయినా రాజీనామా వెనుక కారణాన్ని ఓటరు తూకం వేస్తాడన్న మాట సిద్దిపేట దాటి కూడా నిలబడుతోంది. దుబ్బాక మాత్రం వేరే పాఠం చెబుతోంది: సిద్దిపేట బలం దాని సరిహద్దు దాటగానే పలచబడుతుంది.

2014 తరువాత

రాష్ట్రం వచ్చాక సిద్దిపేటలో ఉప ఎన్నిక రాలేదు. హరీశ్ రావు సాగునీటి మంత్రి అయ్యారు, 2016 దసరా నాడు సిద్దిపేట జిల్లా కేంద్రమైంది, చిన్నకోడూరు మండలంలో రంగనాయకసాగర్ జలాశయం వచ్చింది, 2023 అక్టోబరులో పట్టణానికి రైలు వచ్చింది. 2018లో మెజారిటీ 1,18,699, రాష్ట్రంలో ఆ ఏడాది అదే అన్నిటికన్నా పెద్దది. విజేతకు 1,31,295 ఓట్లు రాగా రెండో స్థానంలో నిలిచిన అభ్యర్థికి 12,596 వచ్చాయి. ఈ దశను నేను త్వరగానే దాటాను. ఉద్యమ కాలపు మెజారిటీలు ఒక ప్రశ్నకు ఓటరు ఇచ్చిన సమాధానాలు, 2018 మెజారిటీ ఎక్కువగా పనికి ఇచ్చిన గుర్తింపు. రెండింటినీ ఒకే గ్రాఫులో ఒకే గీతగా కలిపితే 1985 నుంచి 2018 వరకు మెజారిటీ నిచ్చెన మెట్లలా ఎక్కినట్టు కనిపిస్తుంది, 2004 ఉప ఎన్నిక దగ్గర పడిన మెట్టు కంటికి ఆనకుండా పోతుంది. అందుకే ఆ గ్రాఫును నేను ఈ అధ్యయనంలో వాడలేదు.

2023లో మెజారిటీ 36,391 తగ్గి 82,308కు వచ్చింది. విజేతకు 1,05,514, రెండో స్థానంలోని కాంగ్రెస్ అభ్యర్థికి 23,206. అధికార పార్టీ మారుతున్న ఎన్నికల్లో కూడా లక్షకు పైగా ఓట్లు నిలిచాయి, ఆ అంకె 2010, 2014 అంకెలకు దగ్గరలోనే ఉంది.

శాసనసభ వరుసలను లోక్‌సభ వరుసలతో కలపకూడదన్న నియమాన్ని ఈ అధ్యయనం పూర్తి చేస్తున్నప్పుడు మరోసారి గట్టిగా పాటించవలసి వచ్చింది. 2023 నవంబరులో మెదక్ లోక్‌సభ పరిధిలోని ఏడు శాసనసభ స్థానాల్లో ఆరింటిని, సిద్దిపేటతో సహా, బీఆర్ఎస్ గెలుచుకుంది. ఆరు నెలలు తిరగకుండానే, 2024 మేలో, అదే మెదక్ లోక్‌సభ స్థానాన్ని బీజేపీ అభ్యర్థి రఘునందన్ రావు 39,139 ఓట్ల మెజారిటీతో గెలిచారు, బీఆర్ఎస్ మూడో స్థానానికి వెళ్లింది. సిద్దిపేట పట్టికలో 2024 పేరుతో నేను ఏ వరుసా చేర్చలేదు. చివరి వరుస 2023దే, దాని కింద తరువాతి శాసనసభ ఎన్నిక కోసం గడి ఖాళీగా ఉంది, దాని పక్కన ఉప ఎన్నికల కోసం ఇంకో గడి కూడా ఉంచాను.